కాంభోజిలో చింతకాయ

డిసెంబరు 1

కుటుంబరావు గారు మళ్లీ వచ్చారు. నందిగామ నుంచి జగ్గయ్యపేట దాకా ఈ చలిలో స్కూటీ మీద, మెడకు మఫ్లరు చుట్టుకుని. తెలుగు లెక్చరరుగా రిటైరయ్యారు గానీ ఆయనలో పాఠం ఇంకా రిటైర్ కాలేదు. కుర్చీలో కూర్చోకముందే ఫోను నా ముందు పెట్టి, "చెప్పండి బుల్లిబాబు గారూ, జాన్‌బాషా గారి ఆధ్యాత్మిక జీవితం గురించి" అన్నారు.

నలభై ఏళ్లకు పైగా ఆ మనిషి సన్నాయి పక్కన డోలు వాయించాను. ఆధ్యాత్మిక జీవితం ఎప్పుడు గడిపాడో మరి, నా కంటపడలేదు. నేను చూడనప్పుడు గడిపాడేమో అందామంటే ఊళ్లు తిరిగినన్నాళ్లూ ఒకే చాప మీద పడుకున్నాం.

ఇరవై ఎనిమిదో తారీఖుకి బాషన్న పోయి ఏడాది. ఆ రోజు నందిగామలో సంస్మరణ సభ, పుస్తకం విడుదల. పుస్తకం పేరు 'నాదయోగి'. ఆయన వెంట అంతకాలం తిరిగినవాణ్ణి నేనొక్కణ్ణే మిగిలాను కాబట్టి అందులో నా జ్ఞాపకాలే ముఖ్యమట. సభలో మాట్లాడాలట కూడా. నాకు స్టేజీ మీద మాట్లాడే సరదా లేదని ఖండితంగా చెప్పేశాను.

ఆయన వెళ్లాక పట్టుపంచె ఏ పెట్టెలో ఉందని కృష్ణప్రియని అడిగాను. కోడలు పిల్లకి నవ్వొచ్చింది. ఊరికే అడిగానమ్మా అన్నాను.

డిసెంబరు 3

ఈసారి రెడ్డిగూడెం పెళ్లి సంగతి చెప్పాను.

పొద్దుటి నుంచి వాయిస్తూనే ఉన్నాం. ఎండ వాలిపోతున్నా మేళగాళ్లకి విస్తరి వేసిన నాథుడు లేడు. వియ్యాలవారు రెండో పంక్తి కూడా తిని తాంబూలాలు నములుతున్నారు. బాషన్న నా వైపు ఒరిగి, "ఏరా బుల్లీ, ఆకలేస్తందా?" అన్నాడు. "కడుపులో ఎలుకలు కాదన్నా, పందికొక్కులు పరిగెడుతున్నాయి" అన్నాను. "అయితే చూడు" అని సన్నాయి మొనకుండే రెల్లు పీక సర్దుకుని, తాపీగా మంగళం ఎత్తుకున్నాడు.

ముహూర్తం రాత్రికి. మంగళం అంటే ఏమిటి? అయిపోయింది, ఇక లేవండి అని. అలవాటు పడిన చెవులు కదా, ముసలివాళ్లంతా లేచి చెప్పులు వెతుక్కోవడం మొదలెట్టారు. పంతులుగారు సంచీ సర్దుకున్నారు. పెళ్లికూతురి మేనత్త, "తాళి కట్టకుండానే అయిపోయిందేంటే తల్లీ!" అని శోకాలు. పిల్ల తండ్రి రొప్పుకుంటూ పరిగెత్తుకొచ్చాడు.

"బాబ్బాబు, ఆపవయ్యా! నీకు దణ్ణం పెడతా!"

"నాదేం లేదండి" అన్నాడు బాషన్న మహా వినయంగా. "నోరు ఖాళీగా ఉంటే దానంతటదే మంగళం వచ్చేస్తందండి. ఏదన్నా నోట్లో పెడితే ఆగుద్దేమో!"

అప్పుడొచ్చాయి చూడండి బూరెలు, నెయ్యి గిన్నెతో సహా! ఆ తర్వాత మైలవరం, జి.కొండూరు, ఎక్కడికి వెళ్లినా బాషా మేళం దిగిందంటే ముందు విస్తళ్లు మాకే.

చెబుతూ నేనే నవ్వలేక చచ్చాను. కుటుంబరావు గారు నవ్వలేదు. "బాగుంది, బాగుంది. ఇందులో ఆధ్యాత్మికత ఎక్కడుందంటారు?" అన్నారు.

"బూరెల్లో ఉందండి" అన్నాను.

డిసెంబరు 4

డోలు ఎవరికైనా ఇచ్చేయాలి. ముట్టుకుని ఏడాదవుతోంది, మూల చోటు దండగ.

డిసెంబరు 9

అచ్చుకి వెళ్లే ముందు చూసుకోమని కాగితాలు పంపించారు. కళ్లజోడు తుడుచుకుని రెండుసార్లు చదివాను.

'ఆకలిదప్పులు మరచి వాయించే విరాగి ఆయన. ఒకసారి రెడ్డిగూడెంలో భోజనం ఊసే తలపెట్టక, మంగళకరమైన నాదంతో పెళ్లివారిని ఆశీర్వదించారు.'

ఓరి నాయనో! నందిగామ బస్టాండులో మిరపకాయ బజ్జీలు తినందే బస్సెక్కడని చెప్పాను, అది 'సాయంత్రం స్వల్ప ఫలాహారం' అయింది. కోపమొస్తే సన్నాయిలోనే నన్ను తిట్టేవాడనీ, అది నాకొక్కడికే తెలిసేదనీ చెప్పాను, అది 'మితభాషి' అయింది. ఇదంతా పోనీలే అనుకోవచ్చు. ఆఖరి అధ్యాయం మాత్రం 'జగ్గయ్యపేటలో నాదసమాధి'. అట్ట మీద బొమ్మ కూడా అదే. బాషన్న కళ్లు మూసుకుని, తల చుట్టూ వెలుగుతో. సభలో నేను సాక్ష్యం చెప్పాల్సిన ఘట్టం అదేనట.

సాక్ష్యం చెప్పాలంటే నేను చూసింది ఇది.

యాభై ఏళ్ల కిందట, మాఘమాసంలో, పేటలో రైసుమిల్లు పెద్దాయన ఇంట్లో పెళ్లి. బాషన్న కాంభోజి అందుకున్నాడు. ఏం వాయించాడు! నేను పక్కనుండి కూడా నోరు తెరుచుకుని విన్నాను. పందిరి బయట ఒక జట్కా ఆగి ఉంది. జట్కా తోలే ఆయన కూతురు మెట్టు మీద కూర్చుని, మమ్మల్నే చూస్తూ, దోర చింతకాయ ఉప్పులో అద్దుకుని కొరికింది. 'స్‌స్‌స్' అంది.

సన్నాయి ఊదేవాడి ఎదురుగా పులుపు తినకూడదని ఊళ్లో పసిపిల్లలకీ తెలుసు. తెలుసు కాబట్టే పనిగట్టుకుని తింటారు. చూస్తే ఊదేవాడికి నోరూరుతుంది, పీక తడిసిపోతుంది, స్వరం నీరుగారిపోతుంది. మామూలుగా అయితే బాషన్న మొహం అటు తిప్పేసుకునేవాడు. ఆ రోజు కూడా తిప్పుకున్నాడు. మళ్లీ ఇటు చూశాడు. చింతకాయని కాదు. ఆ పిల్ల ఇంకోటి కొరికింది. పైస్థాయిలో ఉన్న కాంభోజి 'బుడబుడ'మని ఆగిపోయింది.

బాషన్న సన్నాయి దించి, కళ్లు గట్టిగా మూసుకుని, గుటకలు మింగుతూ కూర్చున్నాడు. పులుపుకి కళ్ల వెంట నీళ్లు. మిల్లు పెద్దాయన ఒక్క ఉదుటున లేచి, "సమాధి! నాదసమాధి! ఎవరూ కదపకండి!" అన్నాడు. పందిరంతా చేతులు జోడించింది. నేనేం చెయ్యాలి? సన్నగా డోలు మోగిస్తూ కూర్చున్నాను. పంతులుగారు గట్టిమేళం అని చెయ్యి ఊపేసరికి కూడా ఆయన తేరుకోలేదు. తాళి నా ఒక్కడి డోలు మీదే కట్టించాను. ఆ దంపతులు ఇప్పటికీ బాగానే ఉన్నారు.

ఆ జట్కా పిల్లే వలీబీ వదిన. ఎండాకాలం రాకముందే బాషన్న వాళ్లింటికి కబురు పెట్టాడు.

సమాధి గురించి ఎవరు అడిగినా బాషన్న తల వంచుకుని మూతికి కండువా అడ్డం పెట్టుకునేవాడు. అది వినయం అని పేరొచ్చింది.

డిసెంబరు 13

నందిగామ వెళ్లాను. వదిన ఇంట్లో సైఫుల్లా ఉన్నాడు. బాషన్న తమ్ముడి కొడుకు, ఆయన దగ్గరే నేర్చుకున్నాడు, ఇప్పుడు పెద్ద కచేరీలే చేస్తున్నాడు. బాగా వాయిస్తాడు గానీ నవ్వడు. పెద్దమ్మకి పుస్తకం కాగితాలు చదివి వినిపిస్తున్నాడు.

'భర్త సాధనకు ఏనాడూ అడ్డు రాని సాధ్వి వలీబీ గారు.'

వదిన గోరుచిక్కుళ్లకి ఈనెలు తీస్తోంది. ఆపేసింది. "ఇంకోసారి చదువు" అంది. చదివాడు.

"అడ్డు రాలేదా? నేను అడ్డొచ్చేగదరా ఆయనకు పెళ్లయింది!"

సైఫుల్లా తెల్లమొహం వేశాడు. వాడికి తెలియదు. నేను కిటికీలోంచి బయటికి చూస్తున్నాను.

"ఇంకెక్కడున్నా నేను?" అంది.

"అంతే పెద్దమ్మా."

వదిన అట్ట బొమ్మ కాగితం తీసుకుని దూరంగా పెట్టి చూసింది, దగ్గరగా పెట్టి చూసింది. "ఎవరయ్యా బుల్లిబాబూ ఈయన? ఈయనతో నేను కాపరం చెయ్యలేదు. నా మొగుడు నిద్దట్లో కూడా నవ్వేవాడు. ఆయన పోయిన కాణ్ణించి ఈ ఇంట్లో నవ్వు లేదు. పుస్తకంలో అన్నా ఆయన గొంతు వినపడుద్దేమోనని ఏడాది బట్టి ఎదురు చూస్తన్నా."

గోరుచిక్కుళ్ల ఈనెలు నేను తీయడం మొదలెట్టాను.

"నువ్వు చెప్పు. చూసినోళ్లం మనిద్దరమే. రేపు మనం పోతే ఆయన ఇట్టాగే ఉండిపోతాడు, కళ్లు మూసుకుని."

చెబుతానన్నాను. బస్సులో వస్తుంటే కళ్లు నీళ్లు కారాయి. కిటికీ తలుపు పడలేదు, చలిగాలి.

డిసెంబరు 14

నిన్నటి సంగతి ఆలోచించలేదు.

డిసెంబరు 15

ఇవాళ కూడా ఆలోచించలేదు. రాత్రి అన్నం సయించలేదు, అది వేరే.

డిసెంబరు 17

కుటుంబరావు గారింటికి వెళ్లాను. దారంతా మాటలు కూర్చుకున్నాను. సార్, ఒక చిన్న సవరణ. సార్, సమాధిలో కాస్త పులుపుంది.

ఆయన కాఫీ ఇప్పించి, నా ఎదురుగా కూర్చుని, నేను నోరు తెరిచేలోపే మొదలుపెట్టారు. "బుల్లిబాబు గారూ, ఇన్నాళ్లూ మీతో అనలేదు. ఆ పెళ్లికి నేనూ వచ్చానండి. మా నాన్న మిల్లులో గుమాస్తా. పన్నెండేళ్లవాణ్ణి. పందిరి గుంజ పట్టుకుని నిలబడి చూశాను. ఆయన కళ్ల వెంట నీళ్లు కారుతుంటే నాకూ ఏడుపొచ్చింది. సంగీతమంటే ఇదీ అని ఆ రోజే తెలిసింది. సన్నాయి కొనిపెట్టమంటే మా నాన్న తన్నాడనుకోండి! అయినా ఆ రోజు లేకపోతే నేను లేను."

నేను కాఫీ తాగాను. చాలా బాగుందన్నాను.

"మీరేదో చెప్పాలని వచ్చినట్టున్నారు?"

"ఏం లేదండి. నా పేరు దగ్గర 'డోలు విద్వాన్' అని వేశారా లేదా అని."

వేశారట. బస్టాండుకొచ్చి బజ్జీలు తిన్నాను. బాషన్న వాటా కూడా నేనే తిన్నాను.

వదినకి ఫోను చేసి, "చెప్పాను వదినా, చూద్దామన్నారు" అన్నాను.

"ఊఁ" అంది. ఆ ఊఁ నాకు నచ్చలేదు.

డిసెంబరు 20

సైఫుల్లా ఫోను. సభలో పెద్దనాన్నకి నివాళిగా కాంభోజి వాయిస్తాడట. వాయించి, సరిగ్గా పైస్థాయిలో ఆపి, కళ్లు మూసుకుని కాసేపు మౌనంగా ఉంటాడట. అద్దం ముందు ప్రాక్టీసు చేస్తున్నాడట. "ఎంతసేపు ఉన్నారు బాబాయ్, సమాధిలో?"

"పులు... పూర్తిగా తేరుకునేదాకా" అన్నాను.

డిసెంబరు 24

వదిన ఫోను చేసింది. "ఏమయ్యా, పేటలో చింతకాయలు వస్తన్నాయా?"

"వస్తున్నాయి వదినా. పచ్చడికా?"

"ఆఁ. పచ్చడికే."

"ముదురువి తేనా? పచ్చడికి అవే బాగుంటాయి."

"దోరవి తే. ఓ నాలుగు చాలు."

నాలుగు కాయలతో ఏం పచ్చడి పడుతుందో నేను అడగలేదు. ఆడవాళ్ల వంటల్లో మనం తలదూర్చకూడదు. మార్కెట్లో ఏరి ఏరి, గోటితో గిల్లి చూసి కొన్నాను. పచ్చడికేనని ఇక్కడ రాసి పెడుతున్నాను. నాకింకేం తెలియదు.

డిసెంబరు 28

ఇంటికొచ్చి పంచె కూడా మార్చుకోకుండా రాస్తున్నాను. కృష్ణప్రియ టీ పెట్టి, "ఏం జరిగింది మావయ్యా?" అని మూడుసార్లు అడిగింది. రాశాక చెబుతానన్నాను, లేకపోతే రుచి పోతుంది.

హాలు నిండింది. స్టేజీ మీద ఆ కళ్లు మూసుకున్న బొమ్మ నిలువెత్తున పెట్టారు. నన్ను కుటుంబరావు గారి పక్కన కూర్చోబెట్టారు. వదినకి ముందు వరసలో సోఫా, సైఫుల్లాకి సరిగ్గా ఎదురుగా. తెల్ల చీర, శాలువా, ఒళ్లో చేతిసంచి. ఎంత బుద్ధిగా కూర్చుందో! ఆ బుద్ధి చూసే నాకు భయమేసింది.

సైఫుల్లా కాంభోజి ఎత్తుకున్నాడు. నిజం చెప్పాలి, గొప్పగా వాయించాడు. ఒకచోట బాషన్నే అనుకుని నా వేళ్లు తొడ మీద కదిలాయి. అలా పైకి, ఇంకా పైకి తీసుకెళ్తున్నాడు. వదిన సంచీ తెరిచింది. చిన్న స్టీలు డబ్బా తీసింది. మూత ఒళ్లో పెట్టుకుంది. కాయ తీసి, ఉప్పులో అద్ది, సైఫుల్లా కళ్లలోకి చూస్తూ కొరికింది.

"స్‌స్‌స్."

సైఫుల్లా కనుబొమలు పైకి లేచాయి. పాపం, మొహం తిప్పుకున్నాడు. కానీ చెవులు ఎటు తిప్పుకుంటాడు? వదిన రెండో కాయ కొరికి నాలుకతో టక్కుమనిపించింది. సన్నాయి 'బుడబుడ'మంది. ఆగిపోయింది. వాడు అనుకున్నచోటికి ఇంకా చేరనే లేదు. కళ్లు గట్టిగా మూసుకుని గుటకలు మింగుతున్నాడు, కళ్ల వెంట నీళ్లు.

కుటుంబరావు గారు లేచి మైకు అందుకున్నారు. "చూడండి! ఆనాటి సమాధి మళ్లీ దిగింది! వంశంలోకి దిగింది!" హాలంతా చేతులు జోడించింది. వెనక వరసలో ఎవరో కళ్లు కూడా ఒత్తుకున్నారు. ఆయన మైకు నా చేతికిచ్చారు. "బుల్లిబాబు గారూ, అప్పుడు పక్కనున్నది మీరే. చెప్పండి, ఆ రోజు కూడా ఇలాగే ఉందా?"

వదిన వైపు చూశాను. ఆమె నా వైపే చూస్తోంది. మూడో కాయ చేతిలో ఉంది, కొరకడం లేదు. యాభై ఏళ్ల కిందట డోలు మోగిస్తూ తప్పించుకున్నాను. ఇప్పుడు డోలు కూడా లేదు.

"అచ్చం ఇలాగే ఉందండి" అన్నాను. "అవే గుటకలు. అవే కన్నీళ్లు. అదే చింతకాయ."

"చింతకాయేమిటండీ?"

ముందు వరసలోకి చెయ్యి చూపించాను. హాలు హాలంతా తలలు తిప్పింది. ఇంకొకరైతే డబ్బా శాలువాలో దాచేసేవాళ్లు. వదిన నిదానంగా కొరికి, "స్‌స్‌స్" అంది.

"పెద్దమ్మా, ఆపవే! నీకు దణ్ణం పెడతా!" అన్నాడు సైఫుల్లా గడ్డం తుడుచుకుంటూ, మైకులోనే.

ఆ నవ్వు ఎలా రాయను? నందిగామలో అంత నవ్వు నేను వినలేదు. ఆ నవ్వులోనే అంతా చెప్పేశాను. జట్కా, మెట్టు, దోరకాయ, మిల్లు పెద్దాయన, ఒంటి డోలు. ఊపులో రెడ్డిగూడెం మంగళం కూడా చెప్పేశాను, బూరెలతో సహా. మాట్లాడే సరదా లేదని చెప్పినవాణ్ణి, ఇద్దరు వచ్చి మైకు లాక్కోవాల్సి వచ్చింది.

కుటుంబరావు గారు నవ్వలేదు. స్టేజీ దిగి వదిన ముందు నిలబడ్డారు. ఆయన మొహం చూస్తే నా నవ్వు ఆగిపోయింది. పందిరి గుంజ పట్టుకున్న పన్నెండేళ్ల పిల్లాడి మొహం అది.

"అయితే ఆ రోజు నేను దణ్ణం పెట్టింది చింతకాయకా అమ్మా?"

వదిన పక్కకి జరిగి సోఫాలో చోటిచ్చింది. "కూర్చో బాబూ. ఆగినందుకా నువ్వు ఏడ్చింది? ఆగేముందు వాయించాడే, అందుకు ఏడ్చావు. అది దొంగదా? నేను తినేదాన్ని తినకుండా అట్టా చూస్తా ఉండిపోయా. రెండో కాయ కొరికింది ఆయన మొహం తిప్పుకోకుండా నా వంకే చూడాలని."

ఆ మాట నాకూ తెలియదు. యాభై ఏళ్లుగా ఆ పిల్ల అల్లరికి కొరికిందనే అనుకున్నాను.

కుటుంబరావు గారు జేబులోంచి పెన్ను తీసి, పుస్తకం ఆఖరి అధ్యాయం తెరిచి, "ఉప్పొక్కటేనా అమ్మా, కారం కూడా ఉందా?" అన్నారు.

"ఉప్పే. కారం మా అమ్మ దాచేసింది."

రాసుకున్నారు. అప్పుడు వదిన డబ్బా ముందుకు జరిపింది. ఆయనొక ముక్క నోట్లో వేసుకుని కళ్లు గట్టిగా మూసుకున్నారు. వెనక నుంచి ఎవరో "సమాధి!" అని అరిచారు. అప్పుడు నవ్వింది వదిన, శాలువా జారిపోయేలా, పొట్ట పట్టుకుని. ఆయనా నవ్వేశారు.

"పీక ఆరిందేంట్రా?" అని సైఫుల్లాని కేకేసింది. "ఊదు మరి. మీ పెద్దనాన్న ఆ రోజు వదిలేసిన కాణ్ణించి ఊదు."

సైఫుల్లా పక్కనున్న డోలతను లేచి నాకు చోటిచ్చాడు. వద్దన్నాను. వద్దంటూనే కూర్చున్నాను.

డిసెంబరు 30

నందిగామ వెళ్లి బాషన్న సమాధి దగ్గర కూర్చున్నాను. అసలు సమాధి ఇది ఒక్కటే, ఇందులోకి మాత్రం చెప్పకుండా వెళ్లిపోయాడు.

జరిగిందంతా చెప్పాను. పుస్తకంలో ఒక కాగితం అదనంగా అంటిస్తారట అన్నాను. సైఫుల్లా నిన్న ఫోనులో నవ్వాడన్నాను. నమ్మడు గానీ నిజం.

తర్వాత జేబులోంచి దోరకాయ తీశాను. ఉప్పు పొట్లం కూడా తెచ్చుకున్నాను. ఎదురుగా కూర్చుని, బాగా కనపడేలా అద్దుకుని కొరికాను. స్‌స్‌స్ అన్నాను.

"ఊదు అన్నా, చూద్దాం" అన్నాను.

కాయ మొత్తం తిన్నాను. ఏడ్చాను. చలి లేదు, ఎండ బాగానే ఉంది.

డోలు ఎవరికీ ఇవ్వను.